లేని గది

ఎగ్జిబిషన్ తెరిచి మూడు గంటలైంది. బొమ్మలేసిన అక్క కాలుగాలిన పిల్లిలా హాలంతా తిరుగుతూనే ఉంది. తమ్ముడు మాత్రం బెంచీ మీద తలొంచుకుని కూర్చున్నాడు. పొద్దున్నుంచి ఒక్క మాటా లేదు.

హాలు మధ్యలో అక్క కట్టిన గది. చెక్క గోడలు, వదిలేస్తే దానంతటదే మూసుకునే తలుపు, లోపల బల్ల, బీరువా. కిటికీ లేదు. గోడల నిండా బొమ్మలే, కానీ అంతా కటిక చీకటి.

"లైటు లేదేమిటండీ?" బయటికొచ్చిన ఒకాయన విసుక్కున్నాడు.

"ఉందండీ."

"మరి వెయ్యరేం?"

"స్విచ్చి లోపలే ఉందండీ," అంటూ అక్క గుమ్మం వైపు చూసింది. గుమ్మం దగ్గర కాపలా ఉన్న పిన్ని తల పట్టుకుంది. "ఆర్నెల్లు కష్టపడి వేశావు. ఇప్పుడవి ఎవరికి కనబడి ఏడుస్తాయే? నీ మొండితనం నాకు అర్థం కాదు."

తొమ్మిదేళ్లప్పుడు తమ్ముణ్ణి ప్రార్థనామందిరం వాళ్ల బడిలో వేశారు. పాఠం అప్పజెప్పలేని పిల్లల్ని పెద్దగురువు ఇలాంటి గదిలోకే తీసుకెళ్లి తలుపేసేవాడు. ఇప్పుడు ఇరవై ఆరేళ్లొచ్చినా తమ్ముడు బెల్టు పెట్టుకోడు. ఫిర్యాదు చేస్తే బడివాళ్లు ఒక్క ముక్కలో తేల్చేశారు: అలాంటి గదే లేదు. ఇప్పుడు లేని మాట నిజమే. నిరుడు పడగొట్టి పూలమొక్కలు వేశారు. అందుకే తమ్ముడు చెప్పింది చెప్పినట్టు అక్క ఇక్కడ కట్టింది.

విచారణాధికారి కూడా వచ్చింది. లోపలికెళ్లి, కాసేపు గోడలు తడిమి, చేతులు దులుపుకుంటూ బయటికొచ్చింది.

"బొమ్మలు సాక్ష్యం కావమ్మా," అంది మెల్లగా. "సాయంత్రానికి ఫైలు మూసెయ్యాలి. నా చేతుల్లో ఏం లేదు."

"ఇంకొక్కరు రావాలి మేడమ్. ఆయన వచ్చేదాకా ఉండండి."

వచ్చాడు. పిలిచినా రాకపోతే భయపడ్డాడంటారని నలుగురు శిష్యుల్ని వెంటేసుకుని మరీ వచ్చాడు పెద్దగురువు. ఆయన్ని చూడగానే తమ్ముడు బెంచీ చివరికి జరిగిపోయాడు.

"ఊహ బాగుంది తల్లీ," అన్నాడు పెద్దగురువు నవ్వుతూ. "ఇలాంటి గది నా జన్మలో చూడలేదు."

"ఒక్కసారి లోపలికెళ్లి చూడండి గురువుగారూ." అక్క తలుపు తీసి పట్టుకుంది.

"దానికేం భాగ్యం!" శిష్యుల్ని బయటే ఉండమని ఆయన ఒక్కడే లోపలికెళ్లాడు. తలుపు మూసుకుంది.

అక్క లోలోపల లెక్కపెట్టింది. ఒకటి. రెండు. మూడు.

తలుపు సందులోంచి పచ్చటి వెలుతురు నేలమీద పడింది.

"ఓసి నీ దుంపతెగ, లైటు వెలిగిందే!" అంది పిన్ని.

అధికారి బ్యాగులో పెట్టేసుకున్న ఫైలు మళ్లీ బయటికి తీసింది. "నేను గోడలన్నీ తడిమాను. ఆ స్విచ్చి ఎక్కడుందమ్మా?"

బెంచీ మీంచి లేచి తమ్ముడు నోరు విప్పాడు: "బీరువా వెనకాలండీ, పిల్లల చెయ్యి అందని ఎత్తులో."