కింది ఇంటి చప్పుడు

టక్... టక్‌టక్.

దేవకుమారి డోలక్ మీద చెయ్యి ఆపేసింది. కింద ఫ్లాట్ పెద్దాయన మళ్ళీ కర్రతో తన ఇంటి పైకప్పుని కొడుతున్నాడు.

"చూశావా? నిన్న చెప్పానా లేదా?" అన్నాడు మొగుడు శౌరి. "వచ్చే నెల లీజు మళ్ళీ రాయాలి. ఆయన ఒక్క మాట ఏజెంటు చెవిన వేశాడంటే, ఈ పరాయి దేశంలో, శాండీఫోర్డ్‌లో మనకి ఇంకో ఇల్లు దొరికినట్టే!"

"ఈస్టరు ఆరాధనకి డోలక్ వాయించేది నేనొక్కదాన్నేగా అండీ! సాధన చెయ్యకపోతే ఎట్టా?"

"చెంచాలు వాయించు."

ఆరేళ్ళప్పుడు నాన్న ఒళ్ళో కూర్చుని నేర్చుకున్న విద్య అది. పగలంతా వృద్ధాశ్రమంలో మంచాలు సర్ది, నలుగురికీ అన్నం తినిపించి వచ్చాక, నేలమీద కూర్చుని వాయించుకునే ఆ అరగంటలోనే దేవకుమారికి ప్రాణం లేచొచ్చేది.

చెప్పొద్దూ, ఒక్కటి మాత్రం ఆమెకి అంతుపట్టలేదు.

"ఏవండీ, నేను వాయిస్తున్నంతసేపూ ఊరుకుంటాడు. చరణానికీ చరణానికీ మధ్య ఆపుతానే, సరిగ్గా అప్పుడే కొడతాడు. ఎందుకంటారు?"

"అప్పుడైతేనే మనకి వినబడుద్దని. తెలివైనోడు!"

మర్నాడు డోలక్ కింద బొంత మడిచి వేసింది. కింది చప్పుడు ఆగలేదు.

"జస్ట్ పుట్ ఇట్ ఇన్ ద ప్రెస్, మామ్," అంది కూతురు జాయ్. అలమరని ప్రెస్ అనడం ఆ పిల్లకి ఇక్కడి బళ్ళో అబ్బింది.

డోలక్ ప్రెస్‌లోకి వెళ్ళిపోయింది. కింద కూడా సద్దుమణిగింది.

వారం తర్వాత లిఫ్టులో పెద్దాయన ఎదురుపడ్డాడు. కుడి చెయ్యి పక్కన వేలాడుతోంది. మాట కోసం తడుముకుని, "డ్రమ్ము... ఏదీ?" అన్నాడు.

"సారీ సార్. ఇంకెప్పుడూ వినబడదు. ప్రామిస్!"

ఆయన మొహం మాడిపోయింది. ఇంకేదో చెప్పబోయాడు. ఆ మాట నోటిదాకా వచ్చేలోపే లిఫ్టు ఆగింది. దేవకుమారి గబగబా వెళ్ళిపోయింది.

ఈస్టరుకి అందరూ చప్పట్లతోనే సరిపెట్టుకున్నారు.

ఆ తర్వాతి శనివారం ఒకామె తలుపు తట్టింది. చంకలో పాత రికార్డు ప్లేయరు, చేతిలో ఒకే ఒక్క రికార్డు.

"నా పేరు ఓర్లా. కింద ఉండే డెక్లన్ మేనకోడల్ని."

"మేం ఎప్పుడో ఆపేశామండీ!" అన్నాడు శౌరి కంగారుగా.

"మామయ్య ఒంటరిగా ఉండలేకపోతున్నాడు. మంగళవారం లెటర్‌కెన్నీలో మా ఇంటికి తీసుకెళ్ళాం. ఇవి డ్రమ్ము వాయించే ఆవిడకి ఇమ్మన్నాడు."

"ఏం పాటలు?" అంది దేవకుమారి.

"జాజ్. ఇలాంటిదాన్ని హార్డ్ బాప్ అంటారు. అరవై ఏళ్ళ కిందట ఐదుగురు స్నేహితులు లండన్‌లో చేశారు. చేసింది ఈ ఒక్కటే."

జాయ్ రికార్డు మీద ముల్లు పెట్టింది. ట్రంపెట్టూ శాక్సఫోనూ జంటగా పలికాయి.

"అయ్యో, ఇది మన ప్రార్థన కూటంలో పాడుకున్నట్టే ఉందే!" అంది దేవకుమారి. "ఒకళ్ళు అడుగుతున్నారు, ఒకళ్ళు బదులు చెబుతున్నారు."

ట్రంపెట్ ఒక వరస ముగించి ఆగింది. ఆ సందులో...

టక్... టక్‌టక్.

శౌరి అలవాటు కొద్దీ నేలకేసి చూశాడు.

కింద ఎవరూ లేరు.

జాయ్ రికార్డు అట్ట తిప్పి చదివింది. "డ్రమ్స్, డెక్లన్... మామ్, ఇట్స్ హిమ్!"

దేవకుమారి లేచింది. ప్రెస్ తలుపు తీసి డోలక్ దించింది, కొంగుతో దుమ్ము తుడిచింది.

"లెటర్‌కెన్నీకి బస్సు ఎన్నింటికమ్మా?"

"బస్సెందుకే, నేను కారు తీస్తా," అన్నాడు శౌరి. "వెళ్ళి ఏం చెబుతావు?"

"క్షమించమని. ఆయనకి నా మీద ఎంత కోపంగా ఉందో ఏమో!"

"కోపమా?" అంది ఓర్లా. "కుడి చెయ్యి పడిపోయాక పదకొండేళ్ళు కర్ర ముట్టని మనిషి మీ చప్పుడు విని ఎడమ చేత్తో మొదలుపెట్టాడు, పైన ఆవిడకి తన వాయింపు నచ్చకే ఆపేసిందని ఇప్పటికీ దిగులుపడుతున్నాడు."