ఇరవై తొమ్మిదో రోజు

కాంక్రీటుకు మాటలు వచ్చాక కట్టుబడి తగాదాలు ఇట్టే తెగుతాయనుకున్నారు. ఇప్పుడు ఫ్లైఓవర్ల కింద స్తంభాలు ఎప్పుడో విన్న మాటలు గొణుగుతుంటే, జనం పట్టించుకోకుండా కూరగాయలు బేరమాడుకుంటారు.

అదనపు పనికి కంపెనీ ఎగ్గొట్టిన సాయిలు మేస్త్రీ బిల్లు తగాదాలో పదిహేడో స్తంభం, కంపెనీ ఇంజనీరు గొంతుతోనే, మధ్యవర్తికి చెప్పింది: "సాయిలూ, పైన ఇంకో రెండు మీటర్లు లేపు. పైసలు నేనిప్పిస్త." కంపెనీ బిల్లు కట్టాలని మధ్యవర్తి ఆ సాయంత్రమే అవార్డు రాసి తీర్పిచ్చాడు. దాన్ని కొట్టేయమని కంపెనీ కోర్టుకెక్కి తొమ్మిదేళ్లయింది.

స్తంభం కోర్టుకు రాలేదు కనుక, ఒక మంచు ఉదయాన జడ్జమ్మే ఫ్లైఓవరు కిందికి వచ్చి కుర్చీ వేయించుకుంది. ఎదురుగా సాయిలు, నీళ్ల సీసాతో అతని భార్య బాలమణి.

"ఇరవై ఎనిమిది రోజులు నీళ్లు తాగితేనే కాంక్రీటు మేజరవుతుంది, మేడమ్," అన్నాడు కంపెనీ లాయరు. "మైనరు సాక్ష్యంతో ఇచ్చిన అవార్డు చెల్లదు."

"ఆ మాట విన్ననాటికి నీ వయసెంత?" జడ్జి స్తంభాన్ని అడిగింది.

దాని లోపల గోనెపట్టా మీద నీళ్లు పడిన చప్పుడు. బాలమణి పడుచునాటి గొంతు: "ఇయ్యాల్టికి ఇరవై తొమ్మిది. ఇగ నీళ్లు చాలు బిడ్డా, పెద్దోనివైనవ్."

ఆ వెంటనే ఇంజనీరు పిలుపు: "సాయిలూ, పైన ఇంకో రెండు మీటర్లు..."

అవార్డు చెల్లుతుందని జడ్జి రాసింది.

బాలమణి లేచి, సీసాలో మిగిలిన నీళ్లు స్తంభం మొదట్లో పోసింది.

"తొమ్మిదేండ్ల సంది చెప్పిందే చెప్తున్నడు. గొంతెండిపోయుంటది."