మూడోనాటి బెల్లం

అమ్మ కలిపిన చివరి బెల్లం ఆవకాయను పారబోయమన్నది మా పెద్దమ్మ సత్యవాణి. ఇది ఆచారం ముసుగులో దౌర్జన్యం.

"మైల ఇంట్లో ఊరగాయ నిలవుండదురా. గోదాట్లో వదిలెయ్."

"నీ మైలనే వదులు గోదాట్లో!" అంటూ జాడీని వాటేసుకున్నాను.

ఆవకాయ కలిపిన మూడోనాడు బెల్లం వేస్తారు. అమ్మ సోమవారం కలిపి, మంగళవారం పోయింది. ఆ బెల్లమైనా నేను వేద్దామని ఇవాళ జాడీ మూతికి కట్టిన వాసెన విప్పాను. ముక్క నోట్లో పెట్టుకుంటే తియ్యగా తగిలింది. అదే పెద్దమ్మకి చెప్పాను.

"ముందే వేసేసిందా?" పెద్దమ్మ కూలబడింది. "అంటే, దానికి తెలుసన్నమాట. నాతో బాగానే ఉన్నానందిరా!"

"నాతోనూ అదే అంది పెద్దమ్మా."

ఆవిడ కళ్లు తుడుచుకుంది. "అన్నం నేను వండుతాను. అందర్నీ పిలు."

రేపు మధ్యాహ్నం పన్నెండింటికి కొవ్వూరులో మా ఇంటికి రండి. మైల పట్టింపున్నవాళ్లూ రండి. పెద్దమ్మే వడ్డిస్తుంది.