జలుబు మనిషి

"ఒక్క దగ్గు కోసం ఇంత పట్టుదలేంటి నాన్నా?" చేపల సూపు గిన్నెను బల్ల మీద కాస్త గట్టిగానే పెట్టింది రాగ్నా.

"దగ్గు తీసేస్తామంటే కచేరీ ఇవ్వను. అంతే," అన్నాడు హాల్వర్ రొట్టెకు వెన్న రాసుకుంటూ.

రాగ్నా తమ్ముడు స్టైనార్ తల పట్టుకున్నాడు. ఆదివారం భోజనానికని అక్కాతమ్ముళ్లు వచ్చినప్పటినుంచీ ఇదే గొడవ.

హాల్వర్ ఉద్యోగమంతా ఓస్లో రేడియో వాద్యబృందంలోనే. అక్కడ సెలవు దొరికితే సినిమాలకూ చెల్లో, అదే ఆ పెద్ద ఫిడేలు, వాయించేవాడు. తెర మీద ఎవరెవరి కన్నీళ్ల వెనకో వినిపించింది ఆయన చెల్లోనే. పేరు మాత్రం ఒక్క సినిమాలోనూ పడలేదు. ఇప్పుడీ వయసులో ఒక దర్శకురాలు ఆయన పాత రేడియో కచేరీ రికార్డింగు కావాలంది. సినిమా ముగింపులో మొత్తం వాడుకుంటుంది. తెర మీద ఆయన పేరొక్కటే పెద్దగా వేస్తుంది. ఒకటే ఇబ్బంది. నడిమధ్య, చెల్లో ఆగి మళ్లీ అందుకునే చోట, శ్రోతల్లో ఎవరో దగ్గారు. దాన్ని తీసేయాలంది.

"ఆ దగ్గును జీవితమంతా తిట్టింది నువ్వే కదా?" అన్నాడు స్టైనార్. "రేడియోలో ఆ కచేరీ మళ్లీ వేసినప్పుడల్లా, 'ఈ జలుబు మనిషి ఇంట్లో ముసుగుతన్ని పడుకోక హాలుకెందుకు దాపురించాడో' అనేవాడివి."

"అనేవాణ్ణి."

"అమ్మేమో నీకు కాఫీ పోస్తూ, 'పోనీలే పాపం, చెల్లో మీద ఇష్టంతో వచ్చుంటారు' అని వెనకేసుకొచ్చేది."

హాల్వర్ పెదవి చివర చిన్న నవ్వు కదిలింది. "అలాగే అనేది."

రాగ్నా గొంతు తగ్గించింది. "తెర మీద నీ పేరు చూడాలని అమ్మకెంత కోరికో నీకు తెలీదా? జనమంతా లేచిపోతున్నా చివరి పేరుదాకా కూర్చుని చదివేది."

"తెలుసు."

"మరి? అమ్మ పోయి ఏడాది. ఇంటి నిండా నీ టేపులే. ఆమె గొంతు ఒక్కదాంట్లోనూ లేదు. మైకు చూస్తే పారిపోయేది. కనీసం ఆ కోరికైనా తీర్చొద్దా?"

సూపు చల్లారి పైన తెట్టు కట్టింది. ఎవరూ చెంచా ముట్టలేదు.

హాల్వర్ లేచి, అలమరలోంచి ఒక రేకు డబ్బీ తెచ్చి బల్ల మీద పెట్టాడు. గొంతు గరగరకి చప్పరించే సోంపు బిళ్లలు. భార్య బోర్గిల్ చేతిసంచీలో ఉండే డబ్బీ. ఇద్దరూ కచేరీకి బయల్దేరే ముందు అది సంచీలో ఉందో లేదో ఆయనే తడిమి చూసేవాడు.

"పొద్దున్నే ఆ దర్శకురాలికి ఫోన్ చేసి వద్దని చెప్పేశాను," అన్నాడు మెల్లగా. "ఆ కచేరీలో ఎవరూ ఏదీ తీయకూడదు. నేను పోయాక మీరు కూడా."

"ఎందుకు నాన్నా?"

"దగ్గింది మీ అమ్మ."