సిరా ఆరేదాకా

"మా బాబు పోయాడండీ. నేను చూస్తుండగా వాడు మొదటిసారి సైకిలు తొక్కిన గడియ రాసిపెట్టండి," అంది ఆమె.

కాలలేఖకుడు కలం తీశాడు. అతను రాసిన గడియ, సిరా ఆరేదాకా కళ్లముందు మళ్లీ జరుగుతుంది. రాసినవాడికి మాత్రం ఆ గడియతోపాటు అందులోని మనుషులు కూడా ఇక గుర్తుండరు. అందుకే ఇంట్లోవాళ్లు కాళ్లావేళ్లా పడినా, ఆ వృత్తిలో సొంతవాళ్ల గడియలు ఎవరూ రాయరు.

"సిరాలో నీళ్లు కాస్త ఎక్కువ కలుపుతానమ్మా. తొందరగా ఆరదు."

"ఎప్పుడూ అలాగే కలుపుతారు."

"ఇదివరకు వచ్చారా? నా మతి మండిపోనూ!"

ఆమె సిరాబుడ్డి అతని దగ్గరికి జరిపింది.

"బాబు పడిపోకుండా సైకిలు వెనక పట్టుకుని పరిగెత్తిందెవరమ్మా?" అడిగాడు, రాస్తూనే.

ఆమె చెయ్యి చాచి, అలవాటుగా అతని కాలరు సరిచేసింది.

"మీరేనండీ."