కాలువకు మొక్కని మనిషి

అందరూ వంగి కాలువకు దండం పెట్టారు. ఒక్క మనిషి మాత్రం నిటారుగా నిలబడింది.

కంకిపాడు దగ్గర వెంకటకృష్ణారావు పొలంలో ఆ రోజే నాట్లు మొదలు. కాలువకు కొత్త నీళ్ళు వచ్చాయి. డెల్టా రైతుకు అది ఇంట్లో పెళ్ళి జరిగినంత సంబరం.

ఆయన భార్య రామతులసి పసుపు, కుంకుమ, గాజులు, ఆకుపచ్చ చీర తెచ్చి కృష్ణమ్మకు సారె పెట్టింది. కర్నూలు వైపు నుంచి నాట్లకు వచ్చిన ఆడకూలీలకు నీళ్ళలో వెయ్యమని తలా నాలుగు పువ్వులు ఇచ్చింది.

నిలబడిన మనిషి పేరు సుంకులమ్మ. అరవై దాటి ఉంటాయి. తన పువ్వులు పక్కామె చేతిలో పెట్టేసింది.

"ఏమ్మా, నువ్వు వెయ్యవా?" అన్నాడు వెంకటకృష్ణారావు.

"ఎయ్యను సామీ."

"పోనీ దణ్ణమన్నా పెట్టు."

"పెట్టను."

గట్టు మీద ఉన్న పక్క చేల రైతులు నవ్వారు. ఆ నవ్వుకు ఆయనకు ఒళ్ళు మండింది.

"చుక్క నీళ్ళు లేని చోటు నుంచి వచ్చావు. నీళ్ళ విలువ మాకంటే నీకే తెలియాలి కదమ్మా!"

"తెలుసు సామీ. నీరు పల్లమెరుగు అంటారు కదా. మెట్ట దానికి కనపడదు."

అని, గట్టు మీది మట్టి చిటికెడు తీసి కళ్ళకద్దుకుంది.

"మొక్కితే దీనికి మొక్కుతా."

"మొదటి రోజే అపశకునం! నీళ్ళకి మొక్కని మనిషి నా చేలో దిగడానికి వీల్లేదు."

ముఠా మేస్త్రి మద్దిలేటి పరుగున వచ్చాడు.

"పెద్దామె సార్. ఈ నాట్ల పని మీదనే ఆయమ్మకు ఏడాది గడిచేది. పంపియ్యొద్దు."

"అయితే ఒక్క దణ్ణం పెట్టమను. చేతులేమన్నా అరిగిపోతాయా?"

నిజమే, అరిగిపోవు. పైగా పని నిలబడుతుంది. ఇంకెవరైనా అయితే పెట్టేసేవారే.

సుంకులమ్మ చేతులు కలపలేదు.

"నాటేదానికి పొద్దంతా నడుము వంచుతా సామీ. ఈ నీళ్ళకు వంచను."

"కూలికొచ్చి ఇంత పొగరేంటి? వెళ్ళు, వెళ్ళు!"

ఆమె బతిమాలలేదు. కళ్ళనీళ్ళు పెట్టుకోలేదు. కొంగు దులుపుకొని గట్టు వెంట నడిచి వెళ్ళిపోయింది.

మధ్యాహ్నం అన్నం వడ్డిస్తూ రామతులసి అంది.

"మీరు చేసింది ఏం బాలేదండీ."

"కృష్ణమ్మని అవమానిస్తే ఊరుకోమంటావా?"

"కృష్ణమ్మకి రాని కోపం మీకెందుకొచ్చింది? ఎందుకు మొక్కనందో అడిగారా అసలు?"

అడగలేదు. అడగాలన్న ఆలోచనే రాలేదు. నలుగురూ నవ్వారన్న ఉక్రోషం తప్ప ఆయన దగ్గర వేరే కారణం ఏదీ లేదు.

మర్నాడు పొద్దున కూలీలంతా గట్టు దాకా వచ్చి ఆగిపోయారు. ఒక్కరూ చేలో కాలు పెట్టలేదు.

"ఆయమ్మను పిలిపిస్తేనే నాటేది," అంది వాళ్ళలో ఒకామె.

"నారు పీకి ఉందమ్మా! ఎండిపోద్ది!"

"మా తట్టు ప్రతియేడూ ఎండేదే సార్. మీరు ఒక్క పొద్దు చూడండి."

వెంకటకృష్ణారావు బండి తీశాడు. మద్దిలేటిని బండి వెనక ఎక్కించుకొని కూలీలు ఉంటున్న షెడ్డుకు వెళ్ళాడు. తప్పయిందని చెప్పి తీసుకొద్దామనే వెళ్ళాడు.

షెడ్డులో వంట చేసే ఆమె ఒక్కతే ఉంది.

"సుంకులమ్మ ఏది?"

"వీళ్ళు అట్ల పొలానికి పోయినారు, ఆమె ఇట్ల మూట కట్టుకొని బస్సెక్కిపాయ."

ఆయనకు సిగ్గేసింది. సిగ్గుతో పాటు అర్థంకాని కోపమూ వచ్చింది.

"ఒక్క దణ్ణం కోసం పని వదులుకుంటారా ఎవరన్నా? ఎవరయ్యా ఆమె?"

"ఎనకట ఇరవైమందికి పని చూపించిన రైతు కూతురు సార్," అన్నాడు మద్దిలేటి.

"మరి ఆ పొలమంతా ఏమైంది?"

"శ్రీశైలం డ్యాం కట్టినప్పుడు మునిగిపాయ సార్, మీ కాలవకొచ్చే ఈ నీళ్ళు ముందు వాళ్ళ ఇంటి మీద, వాళ్ళ చేల మీద నిలబడి, ఆ తర్వాతనే మీ దగ్గరికి దిగొస్తాయి."