మైలలో వచ్చిన ఉత్తర్వు

"అప్పీలు తీసుకోలేదు మామా. నెల గడువు దాటిపోయిందట," అంటూ ప్లీడరు గుమస్తా దయారత్నం హౌరా కోర్టు మెట్లు దిగి వచ్చాడు.

టికియాపారాలో లైసెన్సు లేకుండా కిరసనాయిలు అమ్ముతున్నానని ఇన్‌స్పెక్టరు నా తోపుడుబండిని పట్టుకున్నాడు. తర్వాత దాన్ని జప్తు చేశారు. అప్పీలు లేకపోతే బండి వేలానికి పోతుంది. నా తిండి దాని మీదే.

"జప్తు కాగితం నా సేతికే రానేదు బాబూ. గడువెలాగ దాటిపోద్ది?"

"ప్యూను తెచ్చాడు. నువ్వు తీసుకోనన్నావని రాశాడు. అలా రాస్తే ఇచ్చినట్టే లెక్క."

"తీసుకోనన్నానా? మా ఇంటిది జగ్గమ్మ పోయి అప్పటికి మూడ్రోజులు. మైల్లో ఉన్నాం దాదా, నన్ను ముట్టుకోకు, నీకూ అంటుద్ది, పెద్దకర్మ అయినాక రా అన్నాను. తలూపినాడు. సెప్పులిప్పి దండం కూడా ఎట్టినాడు."

"పాపం."

"దండం ఎట్టినోడు అబద్దం రాసినాడేటి? ఆడి మీద అర్జీ రాయి. ఆడి నౌకరీ పోవాల."

దయారత్నం నా పక్కన మెట్టు మీద కూర్చున్నాడు.

"ప్యూను రాసిచ్చిన కాగితం నేను చూశాను మామా. అందులో రెండే మాటలు అచ్చేసి ఉంటాయి. తీసుకున్నాడు, నిరాకరించాడు. ఏదో ఒకటి కొట్టేయాలి. మైల అని రాయడానికి చోటు లేదు."

"అయితే అర్జీ ఒద్దులే బాబూ," అన్నాను.

పెద్దకర్మ అయిన దగ్గర్నుంచి, మళ్ళీ రాలేదని ఆ ప్యూనును రోజూ తిట్టుకుంటున్నాను. జగ్గమ్మ లేని ఇంట్లో ఆ తిట్లే నాకు తోడు. ఇప్పుడు తిట్టడానికి కూడా మనిషి లేకుండా పోయాడు.